కనిపించిన ప్రతిదీ కందిరీగ కాదు: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

పోయిన సంచికలో "మీ ఇంట్లో, తోటలో తిరిగే పురుగుల గురించి అడగండి" అని రాశానో లేదో, ఉత్తరాలు, ఫొటోలు వచ్చి పడ్డాయి. ఫొటోల్లో సగం మసకగా ఉన్నాయి, చేతులు వణుకుతుండగా తీసినవని చూడగానే తెలిసిపోతోంది. ఇంకొన్ని పురుగు చెప్పు కింద నలిగిపోయాక తీసినవి, వాటిని గుర్తుపట్టడం నా తరం కాదు. అందరూ అడిగింది మాత్రం ఒకటే, "ఇది కుడుతుందా?" అని. దానికి జవాబు పురుగు రంగులో దొరకదండీ. అది ఎక్కడికి దూరుతోంది, కాళ్ళ మధ్య ఏం పట్టుకెళ్తోంది, ఒంటరిగా తిరుగుతోందా గుంపుగా ఉందా, ఇవి చెబితే నేను చాలావరకు చెప్పగలను. "పసుపూ నలుపూ చారలు" అని మాత్రమే రాసినవాళ్ళకి ఈసారి జవాబు ఇవ్వలేకపోయాను, ఏమనుకోకండి.

ప్రశ్న: మా కిటికీ చెక్క మూల మట్టితో గొట్టాల్లాగా ఏదో కట్టింది. కట్టేది నల్లగా, సన్నగా ఉంది, నడుము దారంలా ఉంది. ఒక గొట్టం పగలగొట్టి చూస్తే లోపల చచ్చిన సాలెపురుగులు కుక్కి ఉన్నాయి! చూసి ఒళ్ళు జలదరించింది. ఇది ప్రమాదమా?

జవాబు: ముందుగా ఒక దిద్దుబాటు. ఆ సాలెపురుగులు చచ్చిపోలేదు. కదల్లేవు, అంతే. మీరు చూసింది మట్టిగూడు కట్టే కందిరీగ, అది సాలీడుని కొండితో పొడిచి చచ్చుబడేలా చేసి, మోసుకొచ్చి గదిలో పెడుతుంది. ఒక్కో గదిలో పదికి పైగానే ఉండొచ్చు. వాటి మీద ఒక గుడ్డు పెట్టి, మూతి మట్టితో మూసేసి వెళ్ళిపోతుంది. చంపేస్తే కుళ్ళిపోతాయి కదా, అందుకని బతికించే ఉంచుతుంది, గుడ్డులోంచి వచ్చిన పిల్లకి తాజా తిండి అన్నమాట. ఫ్రిజ్ లేని లోటు దానికి లేదు.

దీనిలాగే మట్టితో కట్టే కందిరీగ ఇంకొకటి ఉంది, అది గొట్టాలు కాకుండా చిన్న కుండలాగా, సన్నటి మెడతో సహా, కుమ్మరి చేసినంత చక్కగా గూడు కడుతుంది. దాంట్లో సాలెపురుగులుండవు, గొంగళిపురుగులుంటాయి. కాబట్టి గూడు పగిలినప్పుడు లోపల ఏముందో చూస్తే కట్టింది ఎవరో తెలిసిపోతుంది. కుండ కట్టేది గుడ్డుని ముందే లోపల సన్నటి దారంతో వేలాడదీసి, ఆ తర్వాతే గొంగళిపురుగులని తెచ్చి నింపుతుంది.

మన పెద్దవాళ్ళు చెప్పే భ్రమరకీటక న్యాయం గుర్తుందా? భ్రమరం ఒక పురుగుని తెచ్చి మట్టిగూట్లో పెట్టి చుట్టూ ఝుమ్మని తిరుగుతుంటే, ఆ పురుగు దాన్నే తలచుకుని తలచుకుని చివరికి తనే భ్రమరమైపోతుందని. వాళ్ళు చూసింది మాత్రం తప్పు కాదు. పురుగు లోపలికి వెళ్ళడం నిజం, కొన్నాళ్ళకి గూడు చిల్లు పొడుచుకుని రెక్కలున్నది బయటికి రావడమూ నిజమే. మధ్యలో జరిగిన భోజనం ఒక్కటే వాళ్ళకి కనపడలేదు.

ఇక ప్రమాదం సంగతి. ఇవి ఒంటరివి, గూటికి కాపలా కాయవు, మీరు పక్కన నిలబడినా పట్టించుకోవు. చేత్తో నలిపితే తప్ప కుట్టవు. గూటికి గుండ్రటి చిల్లు ఉంటే లోపలిది వెళ్ళిపోయినట్టే, గరిటెతోనో గీకుడుపారతోనో గీకేసి తడిగుడ్డతో తుడిచేయండి. చిల్లు లేకపోతే, అడ్డం కాకపోతే, కొన్నాళ్ళు ఆగండి. ఏదైనా మిషన్ గాలి రంధ్రంలోనో, ప్లగ్గు బొక్కలోనో కడుతుంటే మాత్రం ఆగక్కర్లేదు, తీసేసి ఆ రంధ్రానికి సన్న జాలీ బిగించండి.

ప్రశ్న: తేనెటీగకీ, కందిరీగకీ, పూల మీద గాల్లో అలా నిలబడిపోయే చారల ఈగకీ తేడా ఎలా కనుక్కోవాలి? మా అబ్బాయి మూడింటినీ చూసి పరిగెడతాడు.

జవాబు: మూడోదాన్ని చూసి పరిగెత్తాల్సిన పని లేదని ముందు వాడికి చెప్పండి. అది ఈగ. దానికి కొండే లేదు. పసుపు నలుపు చారలు వేసుకుని కందిరీగలా వేషం కట్టింది, పక్షులు భయపడి వదిలేస్తాయని. ఇలాంటి వేషాల గురించి మొదట వివరంగా రాసినవాడు హెన్రీ వాల్టర్ బేట్స్ అనే ఇంగ్లండ్ ప్రకృతి శాస్త్రవేత్త, అమెజాన్ అడవుల్లో 11 ఏళ్ళు సీతాకోకచిలుకలు పట్టి, 1862లో ఆ సంగతి ప్రచురించాడు. వేషం పక్షులకీ మీ అబ్బాయికీ సరిపోతుంది గానీ, దగ్గరగా చూస్తే దొరికిపోతుంది. ఈగకి కళ్ళు తల నిండా ఉంటాయి, మీసాలు ఉన్నాయా లేవా అన్నంత పొట్టిగా ఉంటాయి, రెక్కలు రెండే. తేనెటీగకీ కందిరీగకీ నాలుగు రెక్కలు, మీసాలు పొడుగ్గా, బాగా కనపడేలా ఉంటాయి. రెక్కలు లెక్కపెట్టడం కష్టమే, ముందువీ వెనకవీ చిన్న కొక్కేలతో కలిసిపోయి ఉంటాయి కాబట్టి ఒక జతలాగే అనిపిస్తాయి. అందుకే నేను మీసాలే చూస్తాను.

ఇక తేనెటీగ, కందిరీగ. తేనెటీగ ఒంటి నిండా నూగు, వెనక కాళ్ళకి పుప్పొడి ముద్దలు. కందిరీగ ఒళ్ళు నున్నగా, వార్నిష్ వేసినట్టు మెరుస్తుంది, నడుము సన్నం. కాగితపు గూడు కట్టే రకాలు ఎగిరేటప్పుడు పొడుగు కాళ్ళు కిందికి వేలాడేసుకుని ఎగురుతాయి, వాలినప్పుడు రెక్కల్ని నిలువునా మడిచి సన్నటి పట్టీల్లా పెట్టుకుంటాయి, ఇదొక్కటి చూసినా చాలు. తిండి కూడా వేరే. తేనెటీగ పిల్లలకి పుప్పొడి పెడుతుంది, కందిరీగ పిల్లలకి మాంసం, అంటే నమిలి ముద్ద చేసిన పురుగులు. పెద్ద కందిరీగ తను మాత్రం ఎక్కువగా తియ్యటి రసాలే తాగుతుంది, అందుకే పూల మీదా కనపడుతుంది.

కుట్టేది ఆడవి మాత్రమే. గుడ్లు పెట్టే గొట్టమే కొండిగా మారింది, కాబట్టి మగవాటికి అది ఉండే వీల్లేదు. తేనెటీగ కొండికి ముళ్ళుంటాయి, మన చర్మంలో ఇరుక్కుపోతుంది, అది ప్రాణం పోగొట్టుకుంటుంది. కందిరీగ కొండి నున్నగా వచ్చేస్తుంది, కావాలంటే మళ్ళీ మళ్ళీ కుడుతుంది.

ప్రశ్న: సన్‌షేడ్ కింద బోర్లించిన గొడుగులాంటి బూడిదరంగు గూడు, గదులన్నీ తెరిచే ఉన్నాయి, మీద ఇరవై దాకా కందిరీగలు కూర్చున్నాయి. తగలబెట్టేయమని అందరూ అంటున్నారు.

జవాబు: దయచేసి ఆ పని చేయకండి. ఇల్లు అంటుకుంటుంది, కందిరీగలు మాత్రం తప్పించుకుంటాయి. పైగా వాటికి మీరెవరో అప్పటికి బాగా తెలిసిపోతుంది.

అది కాగితం. నిజంగానే. ఎండిన చెక్కని, పాత గుంజల్ని పళ్ళతో గీకి, ఉమ్మితో కలిపి ముద్ద చేసి, పల్చగా పరుస్తాయి. నిశ్శబ్దంగా ఉంటే ఆ గీకుడు చప్పుడు మనకీ వినపడుతుంది. గూడంతా ఒక్క సన్నటి కాడ మీద వేలాడుతుంది, ఆ కాడకి చీమలు ఎక్కకుండా ఒక పూత కూడా పూస్తాయి. మీ తోటలో గొంగళిపురుగులు తక్కువగా ఉన్నాయంటే అందులో ఈ ఇరవైమంది కష్టం ఉంది.

మనిషి తల తగలనంత ఎత్తులో, ఎవరూ తిరగని మూల ఉంటే నేనైతే వదిలేస్తాను. గుమ్మం పైనో, పిల్లలు ఆడే చోటో, రోజూ తెరిచే కిటికీ పక్కనో ఉంటే తీయించాల్సిందే, ఒళ్ళంతా కప్పే బట్టలున్న, పని తెలిసిన మనిషితో. మీరే తీయగలిగేది ఒక్క సందర్భంలోనే, గూడు మొదలుపెట్టిన రోజుల్లో, నాలుగైదు గదులు, ఒక్క ఆడది మాత్రమే ఉన్నప్పుడు, అది బయటికి వెళ్ళిన సమయం చూసి పొడుగు కర్రతో కాడ దగ్గర తెంపేయడం. నేను ఒకసారి ఆ దశ దాటిపోయిన గూటిని చీపురుతో కదిపి, కందిరీగల తుట్టెని కదపడం అనే మాట ఎందుకు పుట్టిందో మెడ మీద మూడు చోట్ల తెలుసుకున్నాను.

గూడు గుండ్రంగా బంతిలా మూసుకుని ఒకే ద్వారం ఉన్నా, నేలలో బొరియలోంచి వరసగా వస్తూ పోతూ ఉన్నా, లెక్క వేరు. అవి పెద్ద కాపురాలు, వందలు దాటి కూడా ఉండొచ్చు. ఒకటి నలిగితే వచ్చే వాసనకి మిగతావి దండెత్తుతాయి. అక్కడ ప్రయోగాలు వద్దు, దూరంగా వచ్చేయండి.

కుడితే ఏం చేయాలని ఇంకో ఉత్తరం. ముల్లు ఉండిపోయిందంటే అది తేనెటీగ, గోరుతోనో దేనితోనో వెంటనే లాగేయండి, ఎలా లాగామన్నది కాదు ఎంత తొందరగా లాగామన్నదే లెక్క, విషపు సంచి ఇంకా కొట్టుకుంటూనే ఉంటుంది. సబ్బునీళ్ళతో కడిగి, గుడ్డలో చుట్టిన ఐస్ పెట్టండి. ఊపిరి ఆడకపోవడం, పెదాలు, నాలుక, మొహం వాయడం, ఒళ్ళంతా దద్దుర్లు, కళ్ళు తిరగడం, వీటిలో ఏది కనపడినా ఇంటి చిట్కాలు పక్కన పెట్టి నిమిషాల్లో ఆసుపత్రికి. నోట్లో, గొంతులో కుట్టినా, ఒకేసారి చాలా కుట్టినా అంతే. జస్టిన్ ష్మిట్ అనే అమెరికా శాస్త్రవేత్త రకరకాల పురుగులతో కుట్టించుకుని నొప్పికి 1 నుంచి 4 దాకా మార్కులు వేశాడు, తేనెటీగకి 2 వచ్చాయి. నా మెడని అడిగితే కందిరీగకి ఇంకొంచెం ఎక్కువే వేసేది.

ప్రశ్న: బొటనవేలంత నల్లటి పురుగు, నీలం రెక్కలు, విమానంలా రొద. చెక్క దూలానికి డ్రిల్లింగ్ మిషన్‌తో వేసినట్టు గుండ్రటి రంధ్రం చేసింది. కింద పొట్టు రాలుతోంది.

జవాబు: తుమ్మెద. పాటల్లో పూల చుట్టూ తిరిగేది ఇదే, కాకపోతే కాపురం చెక్కలో పెడుతుందని పాటల్లో చెప్పరు. రంధ్రం ఒక సెంటీమీటరు పైన ఉంటుంది, లోపల మలుపు తిరిగి సొరంగంలా సాగుతుంది. చెక్కని తినదు, చెద కాదు, తొలిచి పొట్టు బయట పారేస్తుంది. పొట్టు కుప్ప కనపడిందంటే చెద కాదని అదొక గుర్తు కూడా. మీ మొహం ముందు గాల్లో నిలబడి బెదిరించేది చాలాసార్లు మగది, దానికి కొండి లేదు, ఉత్త హడావిడి. ఆడదాన్ని చేత్తో పట్టుకుంటే మాత్రం కుడుతుంది.

ఒకటి రెండు రంధ్రాలతో దూలం పడిపోదు. ఏళ్ళ తరబడి అదే చెక్కలో వంశాలు పెరిగితే నష్టమే. అవి ఖాళీ చేశాక రంధ్రం పూడ్చి, చెక్కకి రంగు వేయండి, రంగు వేసిన చెక్క వాటికి అంతగా నచ్చదు. తోటలో టమాటా, వంకాయ ఉంటే తుమ్మెదని తరమకముందు ఆలోచించండి. ఆ పూలని పట్టుకుని ఒళ్ళు ఝుమ్మని ఊపితేనే పుప్పొడి బాగా రాలుతుంది. తుమ్మెదకి ఆ విద్య వచ్చు, తేనెటీగకి రాదు.

ప్రశ్న: ఇంట్లో గోడ మీద నల్లటి చిన్న పురుగు, చీమలా ఉంది, రెక్కలున్నాయి. పొట్ట చిన్న జెండాలా అతుక్కుని టకటకా పైకీ కిందికీ ఊపుతోంది.

జవాబు: ఇంత చక్కగా చూసి రాసినందుకు మీకు నమస్కారం. ఇది కూడా కందిరీగల జాతిదే, మనుషుల జోలికి రాదు. బొద్దింక గుడ్ల సంచిని వెతుక్కుంటూ తిరుగుతోంది. సంచిలో ఒక గుడ్డు పెడుతుంది, దాని పిల్ల లోపలున్న బొద్దింక గుడ్లన్నీ తినేస్తుంది. కాబట్టి మీకు ఒక మంచి వార్త, ఒక చెడు వార్త. రెండోది ఏంటంటే మీ ఇంట్లో బొద్దింకలున్నాయి, మీకు కనపడకపోయినా దానికి కనపడ్డాయి. సింకు కింద, అలమార వెనక చూడండి.

బొద్దింకల మీద పడేదే ఇంకొకటి ఉంది, నెమలి మెడలా ఆకుపచ్చగా, నీలంగా మెరిసిపోతుంది, తొడలు ఎర్రగా ఉంటాయి. బొద్దింకని రెండుసార్లు పొడుస్తుంది, రెండో పోటు సూటిగా మెదడులోకి. దాంతో బొద్దింక నడవగలదు గానీ పారిపోవాలనే బుద్ధి పుట్టదు. అప్పుడు దాని మీసం పట్టుకుని, ముక్కుతాడు వేసిన ఎద్దుని తోలుకెళ్ళినట్టు, బొరియలోకి నడిపించుకెళ్ళి గుడ్డు పెట్టి రాళ్ళతో మూసేస్తుంది. ఇది కనపడితే ఫొటో తీసి పంపండి, మసకగా ఉన్నా సరే.

ప్రశ్న: గులాబీ ఆకులకి నాణెం పెట్టి కత్తిరించినట్టు గుండ్రటి కోతలు. ఏ మందు కొట్టాలి?

జవాబు: ఏదీ వద్దు. ఆకు కోసే తేనెటీగ పని. తినదు, గూట్లో పరుచుకోవడానికి తీసుకెళ్తుంది, గుండ్రటి ముక్కలు మూతలకి, కోలగా ఉన్నవి గోడలకి. పుప్పొడిని కాళ్ళకి కాకుండా పొట్ట కింద పూసుకుని వస్తుంది, చూడండి. మొక్కకి ఏమీ కాదు, అందం పోయిందంటారా, అది మీ ఇష్టం.

ప్రశ్న: టమాటా మొక్క మీద గొంగళిపురుగు వీపు నిండా తెల్లటి బియ్యపు గింజల్లాంటివి. అవి గుడ్లా? చంపేయాలా? ఇంకో కొమ్మ మీద పేనుబంక మధ్యలో చిన్న మొసలి పిల్లలా నల్లటిది నారింజ మచ్చలతో తిరుగుతోంది.

జవాబు: రెండింటినీ వదిలేయండి. మొదటిది, అవి గుడ్లు కావు, పట్టుగూళ్ళు. చిన్న కందిరీగ ఒకటి ఎప్పుడో ఆ గొంగళిపురుగు ఒంట్లో గుడ్లు పెట్టింది, పిల్లలు లోపలే తిని పెరిగి, చర్మం తొలుచుకుని బయటికొచ్చి గూళ్ళు అల్లుకున్నాయి. ఆ గొంగళిపురుగు ఇక బాగుపడదు. చంపితే దాంతోపాటు మీ తరఫున పనిచేసే డజన్ల కొద్దీ కందిరీగల్ని కూడా చంపినట్టే. రెండోది అక్షింతల పురుగు పిల్ల. ఎర్రటి డొప్ప మీద నల్లచుక్కలున్న పెద్దదాన్ని అందరూ ముద్దు చేస్తారు, పిల్లని చూసి మందు కొడతారు, పేనుబంకని అది కూడా తెగ తింటుందని తెలియక. పిండినల్లి మధ్యలో కూడా తెల్లటి పీచుతో, కాస్త పెద్దగా, చురుగ్గా పరిగెత్తేది కనపడితే ఆగి చూడండి, పిండినల్లిని తినే అక్షింతల పురుగు పిల్ల ఒకటి అచ్చం వాటి వేషంలోనే ఉంటుంది.

ప్రశ్న: వాన వెలిశాక లైటు చుట్టూ వందల రెక్కల పురుగులు. ఉసిళ్ళా, రెక్కల చీమలా? చెదలు పడతాయేమోనని ఒకటే టెన్షన్.

జవాబు: ఒకదాన్ని కాగితం మీద పెట్టుకుని నడుము చూడండి. నడుము సన్నగా నొక్కుకుపోయి, మీసాలు మోచేతిలా వంగి, ముందు రెక్కలు పెద్దవి వెనకవి చిన్నవి అయితే చీమ. నడుమే లేకుండా ఒళ్ళంతా ఒకే లావుగా, మీసాలు పూసలదండలా తిన్నగా, నాలుగు రెక్కలూ ఒకే పొడుగుతో ఉంటే ఉసిలి, అంటే రెక్కలొచ్చిన చెద. పొద్దున్నే కిటికీ కింద ఒకే సైజు రెక్కలు కుప్పగా రాలి ఉన్నా ఉసిళ్ళే. బయటి నుంచి లైటుకి వచ్చినవైతే లైటు ఆర్పేయండి, పోతాయి. గోడ పగుల్లోంచో, తలుపు చట్రంలోంచో బయటికి వస్తుంటే మాత్రం టెన్షన్ పడాల్సిందే, కాపురం ఇంట్లోనే ఉంది, పరీక్ష చేయించండి.

ప్రశ్న: రాత్రి ఏదీ కుట్టలేదు, పొద్దున్న మెడ మీద కాలిన చారలా ఎర్రగా, మర్నాటికి పొక్కులు.

జవాబు: రాత్రి లైటు కింద కూర్చుని మెడ మీద పాకినదాన్ని అరచేత్తో నలిపేశారా? నారింజ, నలుపు పట్టీలతో పొడవాటి చీమలా ఉంటుంది, సెంటీమీటరు లోపే, పేరు పెడరస్. కుట్టదు, కరవదు. దాని రక్తంలో పెడరిన్ అనే విషం ఉంటుంది, నలిపినప్పుడు చర్మానికి అంటుకుంటుంది, మంట వెంటనే రాదు, కొన్ని గంటలో, ఒక రోజో గడిచాక వస్తుంది, అందుకే ఎవరికీ కారణం తెలీదు. ఇకమీదట ఒంటి మీద వాలితే ఊదేయండి, లేదా కాగితం మీదికి ఎక్కించుకుని పారేయండి. నలిపేస్తే వెంటనే సబ్బుతో కడగండి, ఆ చెయ్యి కంటికి తగలనివ్వకండి. కంట్లో పడినా, పొక్కులు ఎక్కువైనా డాక్టర్ దగ్గరికి వెళ్ళండి.

ప్రశ్న: బాత్రూమ్ గోడ మీద బొచ్చు రెక్కలతో హృదయం ఆకారంలో చిన్న చిన్న పురుగులు.

జవాబు: మోరీ ఈగలు. గొట్టం లోపల పేరుకున్న జిగురులో పుడతాయి. రాత్రి మోరీ మూతికి టేపు అంటించి పెట్టండి, పొద్దున్న దానికి అతుక్కుని ఉంటే పుట్టిల్లు అదే. ఉత్త వేడినీళ్ళు చాలవు, బ్రష్‌తో ఆ జిగురు గీకాలి.

చివరగా నా తప్పొకటి. పోయినసారి ఒకాయన ఎర్రటి వెల్వెట్ బొచ్చుతో ఇసుకలో ఒంటరిగా పరిగెడుతున్న చీమ ఫొటో పంపితే "బొచ్చు చీమ, భయం లేదు" అని రాసేశాను. ముగ్గురు పాఠకులు తిట్టారు, వాళ్ళే కరెక్ట్. అది చీమ కాదు, రెక్కల్లేని ఆడ కందిరీగ, మగదానికి రెక్కలుంటాయి. ఒంటరిగా హడావిడిగా తిరగడం, ఒళ్ళంతా బొచ్చు, చీమకుండే నడుము ముడి స్పష్టంగా లేకపోవడం చూసి పట్టుకోవాల్సింది నేను. పట్టుకుంటే కీచుమని చప్పుడు చేస్తుంది, కొండి చాలా పొడుగు, నొప్పి ఘోరంగా ఉంటుంది. ఆ ఫొటో పంపినాయన నా మాట నమ్మి దాన్ని చేతిలోకి తీసుకోలేదు కదా, ఒక కార్డు ముక్క రాసి పడేయండి సార్.